ఫిబ్రవరిలో లెక్కపెడితే పాలమూరు చిక్కిపోతుంది

2027 మార్చి 1 నాటి జనాభాను తేల్చడానికి ఆ ఫిబ్రవరిలో జనగణన ఎన్యూమరేటర్లు ఇంటింటికీ తిరుగుతారు. కులాల లెక్క మీద ఇప్పటికే చాలా చర్చ జరిగింది. దక్షిణ తెలంగాణ అసలు పట్టించుకోవాల్సింది మాత్రం వాళ్లు ఏ నెలలో వస్తున్నారన్నది.

ఫిబ్రవరిలో మద్దూరు, కోస్గి, దామరగిద్ద తండాల్లో, దేవరకొండ, చందంపేట వైపు ఊళ్లలో ఇంటి దగ్గర మిగిలేది ఎక్కువగా ముసలివాళ్లే. ఒంట్లో సత్తువ ఉన్నవాళ్లు కూలీలను పనికి తీసుకెళ్లే మేస్త్రి దగ్గర అడ్వాన్స్ తీసుకుని, దసరా చేసుకుని ముంబై, పుణె, బెంగళూరు, హైదరాబాద్ వెళ్లిపోయి ఉంటారు. చెరకు నరికే గుంపులు ఫ్యాక్టరీల్లో క్రషింగ్ అయ్యేదాకా కదలవు. చంటిపిల్లలు కూడా తల్లుల వెంట ఆ గుడిసెల్లోనే ఉంటారు. వీళ్లు మళ్లీ ఊరి మొహం చూసేది ఉగాదికో, తొలకరికో.

2011లో లెక్కింపు ఫిబ్రవరి 9 నుంచి 28 దాకా జరిగింది. ఆ రోజులన్నీ ఊళ్లో లేనివాళ్లను ఊరి లెక్కలో రాయకూడదు, ఎక్కడ ఉంటే అక్కడే రాయాలి. అదీ నిబంధన. పాలమూరు, అంటే ఉమ్మడి మహబూబ్‌నగర్ జిల్లా జనాభా 40,53,028 అన్నది అలా వచ్చిన అంకే. అందులో నూటికి 85 మంది పల్లెవాసులు. వలసపోయినవాళ్లను పక్కనపెట్టాక కూడా అంత పల్లె జనం ఉన్న జిల్లా అది.

ఒక మనిషిని రెండుచోట్ల రాయలేం కదా, అక్కడ తింటున్నవాడికి సౌకర్యాలు అక్కడే కావాలి కదా అని అధికారులు అంటారు. కల్వకుర్తి, నెట్టెంపాడు, భీమా ఎత్తిపోతల నీళ్లొచ్చాక వలస తగ్గిందనేవాళ్లూ ఉన్నారు. నీళ్లు పారినచోట తగ్గింది, నిజమే. పారని ఊళ్ల సంగతేమిటి? పుణెలో ఇటుకలు మోసే మనిషికి అక్కడ ఓటుందా, పింఛనుందా? కాన్పుకు, జబ్బుకు, చావుకు వచ్చేది సొంతూరికే. ఖర్చు ఇక్కడ, లెక్క అక్కడ. దీన్ని న్యాయం అనలేం.

పల్లె పాలన నడిచేదంతా ఈ అంకె మీదే. మైదాన ప్రాంతంలో 5,000 మందికి ఒక ఆరోగ్య ఉపకేంద్రం, 30,000 మందికి ఒక ప్రాథమిక ఆరోగ్య కేంద్రం. 400 నుంచి 800 జనాభాకు ఒక అంగన్‌వాడీ. 15వ ఆర్థిక సంఘం పంచాయతీ గ్రాంట్లను రాష్ట్రాలకు పంచేటప్పుడు 90 శాతం జనాభానే చూసింది. ఆహార భద్రత చట్టం కింద ఎంతమందికి బియ్యం అన్నదీ 2011 లెక్క ప్రకారమే నడుస్తోంది. పుణెలో ఉన్న పసిపిల్ల ఊరి లెక్కలో లేకపోతే, ఆమె తిరిగొచ్చే నాటికి అంగన్‌వాడీలో ఆమె వాటా గుడ్డు ఎవరు పెడతారు? 500 జనాభా దాటిన తండాలను పంచాయతీలు చేయడం 2018 పంచాయతీరాజ్ చట్టం తెచ్చిన మంచి మార్పు. ఇప్పటికీ పక్క ఊరి పంచాయతీ కిందే ఉన్న తండాలో నలభై కుటుంబాలు వలసపోయి ఉంటే, ఆ 500 ఎప్పటికి నిండుతుంది?

2016లో, ఆ తర్వాత 2019లో నారాయణపేటతో ఉమ్మడి పాలమూరు అయిదు జిల్లాలైంది. నల్లగొండ మూడైంది. కలెక్టరేట్ దగ్గరికొచ్చింది, మంచిదే. కానీ జిల్లాలు ఎన్ని చేసినా కాగితం మీద మనుషులు తగ్గితే డబ్బూ ఉద్యోగులూ తగ్గుతారు.

దీనికన్నా పెద్ద ప్రమాదం సీట్లది. ఆంధ్రప్రదేశ్ విభజన చట్టంలోని 26వ సెక్షన్ తెలంగాణ అసెంబ్లీ సీట్లను 119 నుంచి 153కి పెంచాలంటోంది. కొత్త జనాభా లెక్కతో నియోజకవర్గాలను విడదీస్తే హైదరాబాద్ చుట్టుపక్కల సీట్లు పెరుగుతాయి. ఆ నగరాన్ని కట్టినవాళ్లలో పాలమూరు కూలీలున్నారు. వాళ్ల తలలు అక్కడ లెక్కకొచ్చి, సీట్లూ అక్కడే పెరిగితే, 14 స్థానాల పాలమూరు, 12 స్థానాల నల్లగొండ మాట అసెంబ్లీలో ఇంకా పలచబడుతుంది. కృష్ణా నీళ్ల వాటా గురించి, పాలమూరు-రంగారెడ్డి ఎత్తిపోతల పథకం గురించి గట్టిగా అడిగేవాళ్లు తగ్గుతారు. నీళ్లు రాకపోతే వలస ఆగదు. వలస ఆగకపోతే వచ్చే జనగణనలోనూ ఇదే జరుగుతుంది.

కేంద్రం తేదీ మార్చదు. రాష్ట్రం చేయగలిగింది ఉంది. దసరాకు అందరూ ఊళ్లో ఉంటారు. ఆ పది రోజుల్లో ప్రతి పంచాయతీ కార్యదర్శి వలస రిజిస్టర్ రాయాలి: ఏ ఇంటినుంచి ఎవరు, ఏ ఊరికి, ఏ మేస్త్రి కింద, ఎన్ని నెలలకు. అంతర్రాష్ట్ర వలస కూలీలను తీసుకెళ్లే కాంట్రాక్టర్లు లైసెన్సు తీసుకోవాలని, కూలీకి పాస్‌బుక్ ఇవ్వాలని 1979లోనే చట్టం చేశారు. ఊరి దగ్గర ఎవరు వెళ్లారో రాసి ఉంచితే మేస్త్రిని నిలదీయడానికీ అది పనికొస్తుంది. రాష్ట్రం తన చేతిలో ఉన్న అంగన్‌వాడీలు, ఉపకేంద్రాలు, పంచాయతీ నిధులు ఈ రిజిస్టర్‌ను జనగణనతో కలిపి చూసి పంచుతామని ఇప్పుడే జీవో ఇవ్వాలి. నియోజకవర్గాల పునర్విభజన ముందుకొచ్చిన రోజున ఉమ్మడి జిల్లాల ఎమ్మెల్యేలు పార్టీ ఏదైనా అదే రిజిస్టర్ పట్టుకుని కమిషన్ ముందు నిలబడాలి.