బ్లూ లైను ఎక్కడమే, అంతే

నిన్న మధ్యాహ్నం సంగతి ఇది. ఇంట్లో సగమే చెప్పాను. మిగతా సగం ఇక్కడ రాస్తున్నాను. మా కోడలికి తెలుగు చదవడం వచ్చు గానీ తీరిక లేదు, మావాడికి తీరిక ఉంది గానీ తెలుగు చదవడు.

పొద్దున మావాడి కారులో, అమెరికాలో మేముండే హిల్స్‌బరో నుంచి పక్కనున్న పోర్ట్‌లండ్ డౌన్‌టౌన్‌కు వెళ్లాం. ఏవో కాగితాల పని. అయింది. వాడికి అక్కడే ఇంకో మీటింగు ఉందట. నా చేతిలో రైలు టికెట్టుగా పనికొచ్చే హాప్ కార్డు పెట్టి, ఇంటికి రైల్లో వెళ్లిపొమ్మని, "తేలికే నాన్నా, బ్లూ లైను ఎక్కడమే, అంతే" అన్నాడు.

ఆ "అంతే" నాకు అప్పుడే నచ్చలేదు. కానీ ముప్పై ఒక్క ఏళ్లు ఆర్టీసీలో చేసిన వాణ్ణి. చివరి పదకొండేళ్లు బస్టాండులో కంట్రోలర్ కుర్చీలో కూర్చుని, ఏ బస్సు ఏ ప్లాట్‌ఫారం మీదికి వస్తుందో మైకులో చెప్పిన వాణ్ణి. ఇంకో రెండు ముక్కలు వివరంగా చెప్పరా అని కొడుకును అడగడమా? అడగలేదు.

డౌన్‌టౌన్‌లో లైట్ రైళ్లన్నీ ఒకచోటే కలుస్తాయి. నీలం, ఎరుపు, ఆకుపచ్చ, పసుపు, నారింజ, అయిదు రంగుల లైన్లూ పయనీర్ కోర్ట్‌హౌస్ స్క్వేర్ చుట్టుపక్కల వీధుల్లోంచే పోతాయి. ఆ స్క్వేర్ మన ఊరి రచ్చబండ లాంటిది, నేలంతా ఇటుకలు పరిచారు. గుడి మెట్ల మీద దాతల పేర్లు చెక్కినట్టు ఆ ఇటుకల మీద చందాలిచ్చిన వాళ్ల పేర్లున్నాయి. ఒక మూల స్తంభం ఒకటి ఉంది. సరిగ్గా మధ్యాహ్నం పన్నెండుకు అది బాకా ఊది, మంచు తుంపరలు చిమ్మి, లోపలి నుంచి ఒక బొమ్మను పైకి లేపుతుంది. సూర్యుడు వస్తే ఎండ, నీలి కొంగ వస్తే తుంపర, డ్రాగన్ వస్తే తుఫాను. 1988 నుంచి దానికి ఇదే ఉద్యోగం. నిన్న కొంగ లేచింది. పంచాంగం చెప్పించుకున్నవాడిలా తృప్తిగా తల ఊపి, పక్కనే ఉన్న యామ్‌హిల్ వీధి స్టేషనులో నిలబడ్డాను.

నీలం రైలు వచ్చింది. నుదుట గ్రెషమ్ అని ఉంది, అది హిల్స్‌బరోకు ఎదురు దిక్కున ఉన్న ఊరు. వదిలేశాను. మళ్లీ నీలం, మళ్లీ గ్రెషమ్. మూడోదీ అదే. హిల్స్‌బరో నుంచి ఎవరూ రారు, హిల్స్‌బరోకు ఎవరూ పోరు అన్నట్టుంది వ్యవహారం. ఎదురు ప్లాట్‌ఫారం ఏదని చూస్తే, లేదు. తూర్పుకు పోయే రైలు ఈ వీధిలో ఆగుతుందట, పడమటికి పోయేది స్క్వేర్‌కు ఆ పక్కన మోరిసన్ వీధిలో ఆగుతుందట. ఇద్దరు తోడికోడళ్లు మాట్లాడుకోవడం మానేసి వేరు కాపురాలు పెట్టినట్టు రెండు పట్టాలకూ మధ్యలో ఒక స్క్వేర్ మొత్తం. ఈ ముక్క మావాడి "అంతే"లో ఎక్కడ దాగి ఉందో నాకు తెలియదు.

ఇటుకలన్నీ దాటి మోరిసన్ చేరాను. కార్డు చూపించాల్సిన యంత్రం అక్కడే స్తంభానికి ఉంటే చూపించాను. కూసింది. గేటు లేదు, అడిగే మనిషి లేడు. అదుగో, హిల్స్‌బరో రైలు. రెండే పెట్టెలు. ఆ ఊళ్లో వీధికీ వీధికీ మధ్య 200 అడుగులే కనుక మూడో పెట్టె తగిలిస్తే రైలు ఆగినప్పుడల్లా వెనక రోడ్డు మూసుకుపోతుందట. కంట్రోలర్‌గా ఆ లెక్క నాకు బాగా నచ్చింది. రైలు వచ్చి ఆగింది. సరిగ్గా నా ముక్కు ముందు ఒక తలుపు.

తలుపు తెరుచుకోలేదు.

నేనూ కదలలేదు. ఇప్పుడు కాస్త నా పక్షాన ఆలోచించండి. హైదరాబాదు మెట్రోలో తలుపు దానంతటదే తెరుచుకుంటుంది. బట్టల షాపు అద్దం తలుపు మన నీడ పడితే చాలు, పక్కకు తప్పుకుంటుంది. తలుపే లేని బస్సులు నా సర్వీసులో ఎన్ని పంపించానో లెక్కలేదు. తలుపు ముందు నిలబడి, తెరవమని తలుపును నేనే బతిమాలుకోవలసిన రోజు వస్తుందని ఏ శిక్షణ తరగతిలోనూ చెప్పలేదు. ముందు పెట్టె దగ్గర జనం ఎక్కుతూనే ఉన్నారు. అటు పరుగెత్తవచ్చు. కానీ వరసగా ముందు నుంచి తెరుస్తూ వస్తారేమో, మన వంతూ వస్తుందిలే అనుకున్నాను. క్యూ తప్పిన వాళ్లను ఎంతమందిని తిట్టిన నోరు ఇది!

తలుపుకు ఆవలివైపు, అద్దం వెనక, అయిదేళ్ల కుర్రాడొకడు తల్లి ఒడిలో కూర్చుని నన్నే చూస్తున్నాడు. వాడు చూపుడు వేలు చాచి గాలిలో పొడిచాడు. ముచ్చటేసింది. నేనూ వేలు చాచి పొడిచాను. వాడు మళ్లీ పొడిచాడు, ఈసారి కాస్త కోపంగా. నేను మళ్లీ. వాడి తల్లి కూడా వేలెత్తి పొడవసాగింది. ఎంత కలుపుగోలు మనుషులు అనుకుని రెండు చేతుల వేళ్లూ వాడాను. వెనక సీటులో ముసలాయన ఒకరు అద్దం మీదే వేలితో టకటకా కొట్టి, కిందికి చూపించాడు. నేను కిందికి చూసి నా చెప్పులు చూసుకున్నాను. బాగానే ఉన్నాయి.

తలుపు మీద, నా బొజ్జ ఎత్తున, ఒక బటన్ ఉంది. వెలుగుతోంది కూడా. ఎక్కేవాళ్లో దిగేవాళ్లో బటన్ నొక్కితే తప్ప ఆ తలుపు తెరుచుకోదు. అది నేను చూసేసరికి వెలుగు ఆరిపోయింది.

రైలు చిన్నగా కదిలింది. అప్పుడు నాలో నిద్రపోతున్న ఆర్టీసీ లేచింది. "హోల్డాన్!" అని అరుస్తూ అరచేత్తో రైలు ఒంటి మీద చరిచాను. కంగారులో రెండు దెబ్బలు పడ్డాయి. కండక్టరు గంట ఒకసారి కొడితే ఆగమని, రెండుసార్లు కొడితే పొమ్మని. ముప్పై ఒక్క ఏళ్ల సర్వీసులో నా రెండు దెబ్బలకు అంత కచ్చితంగా బయలుదేరిన బండి మరొకటి లేదు. కుర్రాడు మాత్రం కనుమరుగయ్యే దాకా వేలు దించలేదు.

ప్లాట్‌ఫారం మీద కుక్కతో నిలబడిన ఒకావిడ నా వంక చూసింది. కుక్క కూడా చూసింది. నేను చెయ్యి నొప్పిగా ఉన్నట్టు నటించి, కాసేపు వేళ్లు విరుచుకున్నాను. కొంగ చెప్పిన తుంపర అప్పుడే మొదలైంది.

తరువాతి నీలం రైలు ఎప్పుడొచ్చిందో చెప్పను. ఈసారి నేను సిద్ధం. రైలు ఆగకముందే కుడి చూపుడు వేలు ఇనుప కడ్డీలా చాచి పెట్టుకున్నాను. బటన్ వెలిగింది. గురి చూసి ముందుకు ఉరికాను. సరిగ్గా ఆ క్షణంలోనే దిగేవాళ్లెవరో లోపలి నుంచి నొక్కినట్టున్నారు, తలుపు రెండు పక్కలకూ తప్పుకుంది. నా వేలు, వెనక్కి తీసుకునే వ్యవధి లేక, దిగుతున్న పెద్దమనిషి పొట్టలో రెండో కణుపు దాకా దిగింది.

ఆయనే నాకు సారీ చెప్పాడు. ఈ దేశంలో అదొకటి.

సీట్లో కూర్చోగానే ఫోను మోగింది. మావాడు. "ఎక్కావా నాన్నా? తేలికే కదా?"

"ఆ, ఎక్కాను."

"ఇంత ఆలస్యమైందేమిటి మరి? బటన్ నొక్కావు కదా?"

ఫోను పెట్టేశాను. రాత్రి భోజనాల దగ్గర రేపు మళ్లీ ఒక్కణ్ణే వెళ్లిరమ్మంటున్నాడు, అలవాటు అవుతుందట. రేపు నాకు ఉపవాసం అని చెప్పాను. ఏ ఉపవాసమో కోడలు అడిగేలోపు లేచి చెయ్యి కడుక్కున్నాను.