సవరణ: మో బెర్గ్ మొదటినుంచీ క్యాచర్ కాదు

మొన్నటి పోస్టులో అమెరికా బేస్‌బాల్ ఆటగాడు మో బెర్గ్ 1923లో బ్రూక్లిన్ జట్టులోకి క్రికెట్లో వికెట్ కీపర్ లాంటి క్యాచర్‌గానే వచ్చాడని, 1934లో టోక్యోలో ఆస్పత్రి పైకప్పు ఎక్కి నగరాన్ని తీసిన ఫిల్మ్‌ వల్లే 1942లో జపాన్ మీద అమెరికా విమానాలు చేసిన డూలిటిల్ దాడి సాధ్యమైందని ఉంది. రెండూ సరిచేయాలి.

బెర్గ్ వచ్చింది షార్ట్‌స్టాప్‌గా, అంటే రెండో, మూడో బేస్‌ల మధ్య నిలబడే ఫీల్డర్‌గా. 1927లో, అప్పటికి తనున్న షికాగో వైట్ సాక్స్ జట్టు క్యాచర్లు వరసగా గాయపడి, ఆ చోటుకి మనిషే లేకపోతే అప్పుడు గ్లవ్స్ తొడిగాడు, ఇక అదే బతుకుతెరువైంది. 1929లో 107 మ్యాచ్‌లాడి .287 సగటుతో (వెయ్యి ప్రయత్నాలకు 287 హిట్ల లెక్కన) కొట్టాడు, మరుసటి ఏడాది మోకాలు దెబ్బతింది. ఆ తర్వాత క్లీవ్‌లాండ్, వాషింగ్టన్, మళ్లీ క్లీవ్‌లాండ్, చివరికి బోస్టన్, అన్నిచోట్లా ఎక్కువగా బెంచి మీదే. మొత్తం 15 సీజన్లు, 663 మ్యాచ్‌లు, 6 హోమ్ రన్‌లు, సగటు .243, అంటే నాలుగుసార్లు బ్యాట్ పట్టినా ఒక హిట్ గ్యారంటీ లేదన్నమాట! అయినా ఉంచుకున్నారంటే బంతి పట్టడంలో నమ్మకం, బంతి విసిరే పిచర్లను నడిపించే తెలివి.

ఇక ఫిల్మ్ సంగతి. అది తీశాడు, నిజమే. యుద్ధ సమయంలో అమెరికా అధికారులకు చూపించాడు కూడా, కానీ దాడికి అదే ఆధారమన్నది నిరూపణ లేని కథ, వినడానికి బాగుంటుంది కాబట్టి తిరుగుతోంది.