హింగోలిలో బిగ్ బ్యాంగ్ వినపడదు బావా

నిన్న పెళ్ళిలో పంక్తి భోజనాల దగ్గర హైదరాబాద్ బావ ఒకాయన, నోట్లో బూరె ఉండగానే, "మీ హింగోలిలో మెషిన్ పెడుతున్నారట కదా, బిగ్ బ్యాంగ్ సౌండు వినిపిస్తదట. ఇంక మీ పొలాలకి రేట్లే రేట్లు" అన్నాడు. అది కాదు బావా అని చెప్పబోయాను. "నువ్వు మరాఠీ మీడియం కదరా, నీకెందుకివన్నీ" అనేశాడు. పంక్తంతా నవ్వింది. ఇంకా అరగట్లేదు నాకు.

సరే, మరాఠీ మీడియం వాడే చెప్తాడు. మహారాష్ట్ర హింగోలి జిల్లాలో, ఔంఢా దగ్గర వచ్చేది లైగో అనే పరిశోధనా కేంద్రం. 2016లో సూత్రప్రాయంగా ఒప్పుకుని, 2023లో 2,600 కోట్లు మంజూరు చేశారు (మా రోడ్డు గుంతలు పూడ్చమంటే మాత్రం నిధుల్లేవు). నాలుగేసి కిలోమీటర్ల గొట్టాలు రెండు. బ్లాక్ హోల్స్ ఢీకొంటే పుట్టే గురుత్వ తరంగాల కోసం అది, అంటే స్థలమూ కాలమూ వణికితే లేచే అలలు. 2015 సెప్టెంబర్ 14న అమెరికాలో మొదటిసారి దొరికింది అలాంటిదే, 130 కోట్ల కాంతి సంవత్సరాల అవతలిది. బావ చెప్పే బిగ్ బ్యాంగ్‌వి, అంటే విశ్వం పుట్టినప్పటి తరంగాలు వేరు. అవి ఈ మెషిన్‌కి అందనంత బలహీనం. అయినా వాటి వెంట ఎందుకు పడతారంటే, మొదటి 3,80,000 ఏళ్ళ వెలుగు మనదాకా రాదు, అప్పటి వేడి ప్లాస్మాలోనే (అణువులింకా కుదురుకోని కణాల ముద్ద) చిక్కుకుపోయింది. ఆ తరంగాలకి అడ్డేమీ లేదు.

2014 మార్చిలో దక్షిణ ధ్రువం దగ్గరి బైసెప్2 టెలిస్కోప్ వాళ్ళు ఆ తొలి తరంగాల జాడ దొరికిందన్నారు. విశ్వం పుట్టగానే ఒక్కసారిగా ఉబ్బిందన్న సిద్ధాంతం కట్టినవాళ్ళలో ఒకడైన ఆంద్రే లిండే ఇంటి తలుపు కొట్టి మరీ కబురు చెప్పారు, షాంపేన్ పొంగించారు, వీడియో కూడా ఉంది. 2015 జనవరికి ప్లాంక్ ఉపగ్రహం లెక్కలు కలిపి చూస్తే ఏముంది? చాలావరకు మన పాలపుంత దుమ్మే! కనీసం వాళ్ళు పేపర్ రాసి ఒప్పుకున్నారు. మా బావ ఒప్పుకుంటాడా? ఇంకో బూరె అడిగాడు.

అసలు మరాఠీ మీడియంలో ఎందుకు చదివాను? సరదాకా? సరిహద్దులో మహారాష్ట్ర వైపున్న మా ఊళ్ళో తెలుగు బడి ఉందా? ఇంట్లో తెలుగు, బళ్ళో మరాఠీ. నాందేడ్ పోతే "తెలంగాణావాలా", గోదావరి దాటితే "మరాఠోళ్ళు". 2018లో నాందేడ్ జిల్లా ధర్మాబాద్ చుట్టుపక్కల ఊళ్ళు తెలంగాణలో కలపండి మొర్రో అంటే, ఈ బావే "మీకు ఫ్రీ కరెంటు కావాలి, అంతే" అన్నాడు. అవును, కావాలి. అయితే ఏంటట?

వచ్చే నెల వాళ్ళ బుడ్డోడికి బాసరలో అక్షరాభ్యాసమట. బస మా ఇంట్లోనేనట. పోయేటప్పుడు ధర్మాబాద్ మిర్చి రెండు బస్తాలు ఇప్పించాలట, అదీ మార్కెట్ రేటు కన్నా తక్కువకి.