వృత్తిగా గుర్తించని ఆటలో సారా గామా

మన సంఘం కుటుంబాల్లో ఫుట్‌బాల్ ఆడే ఆడపిల్లలు ఇప్పుడు చాలామందే ఉన్నారు. వారి తల్లిదండ్రులను పలకరిస్తే తరచుగా వినిపించే మాట ఒకటుంది: "ఏదో వ్యాపకంగా ఆడుతోందండీ, చదువు పాడవకపోతే చాలు." ఇందులో చెడు ఉద్దేశమేమీ లేదు. అయితే ఇటలీ దేశం తన మహిళా ఫుట్‌బాల్ క్రీడాకారిణుల విషయంలో దాదాపు ఇదే వైఖరిని 2022 దాకా చట్టబద్ధంగానే కొనసాగించింది. ఆ వైఖరి కిందనే ఆడి, జాతీయ జట్టుకు నాయకత్వం వహించి, చివరకు దాన్ని మార్పించిన వారిలో ముందు నిలిచిన డిఫెండర్, అంటే ప్రత్యర్థులు గోల్ కొట్టకుండా అడ్డుకునే క్రీడాకారిణి, సారా గామా. ఆమె క్రీడాజీవితాన్ని గెలుచుకున్న కప్పులతో కొలిస్తే అసలు విషయం మన చేతికి అందదని నా అభిప్రాయం.

గామా 1989 మార్చి 27న ఇటలీ ఈశాన్య కొసన, స్లొవేనియా సరిహద్దును ఆనుకుని ఉన్న రేవు పట్టణం త్రియెస్తేలో పుట్టారు. తల్లి ఇటలీ మనిషి, తండ్రి కాంగో నుంచి వచ్చినవారు. చిన్నతనంలో మగపిల్లల జట్టులోనే ఆడారు. కొంత వయసు వచ్చాక అక్కడ ఆడపిల్లలకు చోటుండదు కాబట్టి బాలికల జట్టును వెతుక్కుని వెళ్లవలసి వచ్చింది. తల్లి వైపు నుంచి ఆమెకు పుట్టుకతోనే పౌరసత్వం లభించింది. తల్లిదండ్రులిద్దరూ విదేశీయులై ఉంటే, ఇటలీ గడ్డ మీద పుట్టిన బిడ్డ అయినా పద్దెనిమిదేళ్లు నిండే దాకా అక్కడే విడవకుండా నివసించి, ఆ తరువాతనే పౌరసత్వం కోరుకోవాలి. పరాయి దేశంలో పిల్లలను పెంచుతున్న మనకు ఈ నిబంధన బరువు ఎంతో వేరే చెప్పనక్కరలేదు. పౌరసత్వాన్ని ఇలా నిర్ణయించినది 1992 నాటి 91వ చట్టం; మహిళా ఫుట్‌బాల్‌ను వృత్తుల జాబితా బయట ఉంచడానికి వీలిచ్చినదీ 91వ చట్టమే, కాకపోతే అది 1981 నాటిది. అంకె కలవడం యాదృచ్ఛికమే అయినా గామా కథ చదివేటప్పుడు నాకది ప్రతిసారీ గుర్తుకు వస్తుంది.

ఆ 1981 చట్టం మహిళలను పేరు పెట్టి నిషేధించలేదు. ఏ క్రీడలో ఎవరు వృత్తి క్రీడాకారులో తేల్చే అధికారాన్ని ఆయా క్రీడా సమాఖ్యలకు వదిలిపెట్టింది. ఫుట్‌బాల్ సమాఖ్య పురుషుల అగ్రశ్రేణి లీగులను వృత్తిగా గుర్తించి, మహిళల ఆటను ఔత్సాహికుల విభాగంలోనే ఉంచింది. దాని ఫలితంగా, రోజూ రెండు పూటలా సాధన చేసినా, దేశం తరఫున ప్రపంచ కప్ ఆడినా, ఇటలీ క్రీడాకారిణికి చేతికందేది చట్టం గుర్తించే జీతం కాదు, ఖర్చుల కింద ఇచ్చే పరిమిత భత్యం. ఉద్యోగికి దక్కే పింఛను జమ గాని, సామాజిక భద్రత గాని ఆమెకు దక్కేవి కావు. మోకాలు దెబ్బతిని ఏడాది పాటు మైదానానికి దూరమైన ఆటగత్తెకు ఈ తేడా ఎంతటిదో ఊహించుకోవచ్చు. గామా ఆడుతూనే ఊదినే విశ్వవిద్యాలయంలో విదేశీ భాషలు, సాహిత్యం చదివి పట్టా పుచ్చుకున్నారు. దీన్ని ఆదర్శంగా పిల్లలకు చెప్పుకుంటాం, చెప్పుకోవలసిందే. కాని వృత్తి అని పేరే లేని పనిని నమ్ముకున్న మనిషికి రెండో దారి సిద్ధం చేసుకోక తప్పదన్న సంగతిని అందులో మరుగుపరచకూడదు.

మైదానంలో ఆమె ఎదుగుదల చాలా ముందే కనిపించింది. 2006లో, పదిహేడేళ్ల వయసులో జాతీయ జట్టుకు తొలిసారి ఆడారు. 2008లో ఫ్రాన్స్‌లో జరిగిన పందొమ్మిదేళ్ల లోపు ఐరోపా పోటీల ఫైనల్లో ఇటలీ 1-0తో నార్వేను ఓడించింది. ఆ జట్టుకు ఆమే కెప్టెన్, ఆ పోటీల ఉత్తమ క్రీడాకారిణీ ఆమే. తవన్యాక్కో, బ్రేషా జట్లకు ఆడాక 2013లో ఫ్రాన్స్ క్లబ్బు పారిస్ సెయింట్ జర్మెయిన్‌కు వెళ్లి రెండేళ్లు ఉన్నారు. అక్కడి నుంచి తిరిగి బ్రేషాకు వచ్చి 2016లో లీగ్ గెలిచారు.

పురుషుల ఫుట్‌బాల్‌లో పేరుమోసిన ట్యూరిన్ క్లబ్బు యువెంటస్ 2017లో మహిళా జట్టును పెట్టినప్పుడు తొలి కెప్టెన్‌గా గామాను ఎంచుకుంది. ఆ మొదటి సీజన్లో యువెంటస్, బ్రేషా సమాన పాయింట్లతో నిలవడంతో విజేతను తేల్చే పోటీ 2018 మే నెలలో నొవారాలో జరిగింది. గోల్ లేకుండా ముగిసిన ఆ ఆటను యువెంటస్ పెనాల్టీలలో గెలిచింది. కొద్ది వారాలకే బ్రేషా తన అగ్రశ్రేణి హక్కును మరో పెద్ద పురుషుల క్లబ్బు మిలాన్‌కు అప్పగించి లీగు నుంచి తప్పుకుంది. పురుషుల క్లబ్బుల డబ్బు రావడం మంచిదా కాదా అని ఎవరైనా అడిగితే నేను మంచిదే అంటాను; 2019 మార్చిలో ట్యూరిన్‌లోని పెద్ద స్టేడియంలో యువెంటస్, ఫియొరెంటీనా మహిళల ఆటను చూడటానికి 39,000 మంది వచ్చారంటే అది ఆ డబ్బు, ఆ పేరు వల్లనే సాధ్యమైంది. అయినా, ఎవరూ పట్టించుకోని రోజుల్లో ఈ ఆటను భుజాన మోసిన బ్రేషా వంటి ఊళ్ల క్లబ్బులకు ఆ పంటలో పాలు దక్కలేదన్న బాధ నాకు తీరలేదు. ఆ 2018 టైటిల్‌తో మొదలుపెట్టి యువెంటస్ వరుసగా ఐదు లీగ్ టైటిళ్లు గెలిచింది.

ఇటలీ మహిళలు ఇరవై ఏళ్ల తరువాత ప్రపంచ కప్‌కు వెళ్లింది 2019లోనే. తొలి ఆటలో ఆస్ట్రేలియా మీద 2-1 విజయం బార్బరా బొనన్సేయా ఆఖరి నిమిషాల గోల్‌తో వచ్చింది. బ్రెజిల్‌తో ఆటను ఇటలీలో 70 లక్షలకు పైగా జనం టీవీలో చూశారు. చైనాను 2-0తో దాటి, క్వార్టర్ ఫైనల్లో నెదర్లాండ్స్ చేతిలో 0-2తో ఓడారు. ఆ ఆటల వీడియోలను మా అమ్మాయితో కలిసి మళ్లీ చూశాను, తనూ డిఫెండరే. గామా పని ముఖ్య ఘట్టాల వీడియో ముక్కల్లో దొరకదు. ప్రత్యర్థికి బంతి అందవలసిన చోటికి ఆమె ముందే చేరుకుంటే అక్కడ చూపించడానికి ఏమీ మిగలదు. మొత్తం ఆట చూస్తేనే ఆమె వేగం, సాటివారిని సర్దే చేతి సైగలు, ఎప్పుడు ముందుకు అడుగు వేయాలో తెలిసిన ఓపిక కనబడతాయి.

ప్రపంచ కప్ ముగిశాక ఇటలీ దేశాధ్యక్షుడు సెర్జో మత్తరెల్లా జట్టును తన అధికార నివాసమైన క్విరినాలే భవనానికి ఆహ్వానించినప్పుడు, కెప్టెన్‌గా మాట్లాడిన గామా రాజ్యాంగం మూడో అధికరణాన్ని గుర్తు చేశారు. పౌరుల సమానత్వానికి అడ్డుపడే ఆర్థిక, సామాజిక ఆటంకాలను తొలగించడం గణతంత్రం బాధ్యత అని ఆ అధికరణం చెబుతుంది. అభినందనలు అందుకునే వేదిక మీద హక్కు మాట ఎత్తడానికి ధైర్యం కావాలి. అప్పటికే ఆమె ఫుట్‌బాల్ సమాఖ్య మండలిలో సభ్యురాలు. 2020లో ఆటగాళ్ల సంఘానికి ఉపాధ్యక్షురాలయ్యారు. ఉదయం సాధన, సాయంత్రం సమావేశం అన్నట్టుగా సాగిన ఆ ఏళ్ల ఫలితంగానే 2022 ఏప్రిల్‌లో సమాఖ్య నిర్ణయం వెలువడింది. ఆ జులై 1 నుంచి మహిళల అగ్రశ్రేణి లీగు వృత్తి క్రీడ అయింది. ఇటలీలో ఆ గుర్తింపు పొందిన మొదటి మహిళా క్రీడ ఇదే. ఇది ఒక్కరి విజయం కాదు, ఎందరో క్రీడాకారిణులు కలిసి సాధించుకున్నది. కాని ఆడుతూనే చర్చల బల్ల దగ్గర కూర్చున్న కెప్టెన్ పాత్రను నేను ఆమె ఏ ట్రోఫీకన్నా పైన ఉంచుతాను.

అప్పటికి ఆమెకు ముప్ఫై మూడేళ్లు. యువెంటస్‌లో ఆమెకు మిగిలినవి రెండు సీజన్లు. 2023 ప్రపంచ కప్ జట్టులో కోచ్ మిలేనా బెర్తొలీని ఆమెకు చోటివ్వలేదు. కొత్తవారికి అవకాశం ఇవ్వాలన్న ఆలోచన అర్థమవుతుంది, అయినా అనుభవం అంతగా లేని జట్టును అంత దూరం పంపుతూ ఆమెను ఇంటి దగ్గర వదలడం పొరపాటేనని నేను నమ్ముతాను. స్వీడన్ చేతిలో 0-5, దక్షిణాఫ్రికా చేతిలో 2-3 ఓటములతో ఇటలీ మొదటి దశలోనే వెనుదిరిగింది.

2024 ఫిబ్రవరి 23న ఫ్లోరెన్స్‌లో ఐర్లాండ్‌తో జరిగిన స్నేహపూర్వక పోటీ దేశం తరఫున ఆమెకు 140వది, చివరిది. ఆ రోజు ఇటలీ గోల్ కొట్టలేదు, ఐర్లాండ్‌నూ కొట్టనివ్వలేదు.