వెనక వాయించేవాళ్ళ పేర్లు కూడా వేయండి

అమెరికాలో మన తెలుగు సంఘాల ఫ్లయర్లు ఓ నాలుగు తీసి పక్కపక్కన పెట్టుకుని చూడండి. ఉగాది సంగీత విభావరి అయినా దీపావళి నైట్ అయినా ఒకటే వరస. గాయకుడి ఫొటో సగం పేజీ, యాంకరమ్మ ఫొటో ఇంకో పావు, స్పాన్సర్ల లోగోలు, ఎక్కడో అడుగున "లైవ్ బ్యాండ్‌తో" అని ఓ ముక్క. ఆ బ్యాండ్‌లో వాయించేది ఎవరో, వాళ్ళకి పేర్లున్నాయో లేదో ఎవరికీ పట్టదు. అసలు బ్యాండే లేకుండా ట్రాక్ మీద పాడించేసి లైవ్ అని చెప్పుకునే కార్యక్రమాల సంగతి సరేసరి.

ఈ విషయం ఎత్తాలంటే నేను అమెరికా పల్లె బాణీ 'కంట్రీ' పాటలకి పేరుపడ్డ నాష్‌విల్ నుంచే మొదలుపెడతాను. వెనక వాయించడం కూడా ఇల్లు గడిచే ఉద్యోగమేనని నిలబెట్టి చూపించిన ఊరు అది. అక్కడ బాబ్ మూర్ అనే ఆయన ఉండేవారు. 1932లో ఆ ఊళ్ళోనే పుట్టారు, 2021లో పోయారు. వాయించింది డబుల్ బేస్, అంటే మనిషంత ఎత్తున నిలబెట్టి వాయించే పెద్ద వాయిద్యం. చిన్నప్పుడు కంట్రీ కచేరీలు జరిగే రైమన్ ఆడిటోరియం దగ్గర బూట్లు పాలిష్ చేసేవారు. అలా పాలిష్ చేయించుకోవడానికి వచ్చినవాళ్ళలో కంట్రీ గాయకుడు ఎర్నెస్ట్ టబ్ బ్యాండ్‌లో బేస్ వాయించే జాక్ డ్రేక్ ఒకరు. పిల్లాడికి ఆ పరిచయంతో బేస్ పిచ్చి పట్టుకుంది. పదిహేనేళ్ళకే టూర్లు తిరిగి, తర్వాత నిర్మాత ఓవెన్ బ్రాడ్లీ కంట్లో పడి, స్టూడియోలో స్థిరపడిపోయారు. 17 వేలకు పైగా రికార్డింగ్ సెషన్లలో వాయించారని చెబుతారు. ఎల్విస్ ప్రెస్లీ, రాయ్ ఆర్బిసన్, జార్జ్ జోన్స్, ప్యాట్సీ క్లైన్, అందరి వెనకా ఈయనే. 'కింగ్ ఆఫ్ ద రోడ్' పాట మొదట్లో చిటికెలతో పాటు దర్జాగా నడిచొచ్చే ఆ బేస్ కూడా ఈయన చేతిదే.

పని ఎలా ఉండేదంటే, సెషన్ మూడు గంటలు. పొద్దున పదికి ఒకటి, మధ్యాహ్నం రెండుకి ఒకటి, సాయంత్రం ఆరుకి ఒకటి, గిరాకీ ఉంటే రాత్రి పదికి ఇంకొకటి. ఒక్కో సెషన్‌లో మూడు నాలుగు పాటలు అవగొట్టాలి. ముందుగా ఎవరూ ఏదీ ప్రాక్టీసు చేసి రారు, స్టూడియోకి వచ్చాకే ఆ పాట మొదటిసారి వింటారు, ఎక్కడ ఏ కార్డ్ (chord, అంటే కలిపి మోగించే స్వరాల గుత్తి) వేయాలో కాగితం మీద 1, 4, 5 అని అంకెల్లో రాసుకుంటారు, అంతే, రికార్డింగ్ మొదలు. ఈ అంకెల పద్ధతిని 1950ల చివర్లో జోర్డనేర్స్ అనే నేపథ్య గాయకుల బృందంలోని నీల్ మాథ్యూస్ మొదలుపెడితే చార్లీ మెకాయ్ లాంటి స్టూడియో వాద్యకారులు బాగా వాడుకలోకి తెచ్చారు. కర్ణాటక సంగీతం కాస్తో కూస్తో నేర్చుకున్న మనకి ఇది చిటికెలో అర్థమవుతుంది. శృతి అర మెట్టు పెంచినా సా సా గానే ఉంటుంది, పా పా గానే ఉంటుంది. అలాగే గాయని "నాకు ఇంకాస్త కింద కావాలి" అంటే కాగితం మార్చక్కర్లేదు, చెయ్యి మారితే చాలు. ఇక కంట్రీ పాటలో బేస్ చాలాసార్లు చేసేదల్లా ఆ కార్డ్‌లోని సా ఒకటి, పా ఒకటి మార్చి మార్చి వేయడమే. వినడానికి ఇంతేనా అనిపిస్తుంది. గిటార్, పియానో, గాయని, అందరూ దాని మీదే నిలబడి ఉన్నప్పుడు ఆ రెండు స్వరాల్నే రోజుకి పన్నెండు గంటలు, ఒక్కటి కూడా తొందరపడకుండా వాయించి చూడమనండి ఎవర్నైనా.

ప్యాట్సీ క్లైన్ 'క్రేజీ' పాట సంగతి చెప్పాలి. 1961 ఆగస్టు 21న రికార్డింగ్. ఆవిడ జూన్‌లో కారు ప్రమాదంలో చిక్కుకుని అప్పటికింకా పూర్తిగా కోలుకోలేదు, పక్కటెముకల నొప్పితో పై స్వరాలు పట్టలేకపోయారు. మామూలుగా అయితే గాయని, బ్యాండ్ ఒకేసారి రికార్డు చేసే రోజులు. ఆ రోజు మాత్రం బ్యాండ్ తన పని ముగించేసింది, ఆవిడ తర్వాత వచ్చి దాని మీద పాడారు. ఇంకో తమాషా ఏమిటంటే ఇందులో బేస్‌లు రెండు. మూర్ డబుల్ బేస్ వాయిస్తుంటే, పక్కన హెరాల్డ్ బ్రాడ్లీ ఆరు తీగల ఎలక్ట్రిక్ బేస్ మీద తీగల్ని అదిమిపెట్టి టిక్ టిక్‌మనిపిస్తూ తోడు వాయించేవారు. అప్పటి చిన్న రేడియోల్లో డబుల్ బేస్ సరిగ్గా వినపడేది కాదు, ఆ టిక్కు పడితే వినపడుతుంది.

ఇప్పుడు డబ్బుల సంగతి. ఆ పాట ఇవాళ ఎఫ్ఎం రేడియోలో వస్తే, రాసిన విల్లీ నెల్సన్‌కి డబ్బులొస్తాయి. పాడినావిడ తరఫున ఎవరికీ రాదు, బేస్ వాయించినాయనకీ రాదు, అమెరికాలో చట్టమే అంత. డిజిటల్, శాటిలైట్ రేడియో చెల్లించే దాంట్లో వెనక వాయించినవాళ్ళకీ వెనక పాడినవాళ్ళకీ కలిపి 5 శాతం కేటాయించారు, 1972కి ముందు రికార్డుల్ని ఆ పద్ధతిలోకి తెచ్చింది మాత్రం 2018లో. అప్పటికి మూర్‌కి ఎనభై ఐదు దాటాయి. మరి అన్నేళ్ళు ఎలా బతికారంటే, వాద్యకారుల యూనియన్ వల్ల. మూడు గంటలకి ఇంత అని రేటు, సెషన్ లీడర్‌కి రెట్టింపు, పెన్షన్, ఆఖరికి అంత పెద్ద డబుల్ బేస్ మోసుకొచ్చినందుకు రవాణా ఖర్చు కూడా కాగితం మీద రాసి ఉండేది. పాట హిట్టైనా ఫ్లాపైనా జీతం జీతమే.

మన దగ్గరా ఇది ఉంది. మద్రాసు కోడంబాక్కం సినిమా స్టూడియోల్లో కాల్‌షీటు లెక్కన వాయించినవాళ్ళే మన పాటలన్నిటికీ ప్రాణం పోశారు. ఇళయరాజా పాటల్లో బేస్ గిటార్ తీసేసి ఒక్కసారి ఊహించుకోండి, సగం పాట పోతుంది. కానీ ఆ రోజుల్లో క్యాసెట్ మీద వాయించినవాళ్ళ పేర్లు వెతికితే దొరికేవా? రెహమాన్ ఆల్బమ్‌ల మీద చూశాకే చాలామందికి ఆ పేర్లు తెలిశాయి. నాష్‌విల్ కూడా ఈ విషయంలో గొప్పేం కాదు లెండి, ఆ కాలపు రికార్డుల మీద మూర్ పేరు చాలావాటికి ఉండదు. 1961లో ఆయన పేరు మీద వచ్చిన 'మెక్సికో' పాప్ చార్టులో ఏడో స్థానం దాకా వెళ్ళింది, కానీ అందులో జనం విన్నది ట్రంపెట్లని!

కమిటీ వాళ్ళని అడిగితే వచ్చే జవాబు నాకు తెలుసు. బడ్జెట్ లేదండీ, లోకల్ కుర్రాళ్ళే కదా, సరదాకి వాయిస్తారు, భోజనం పెడుతున్నాం కదా అంటారు. గాయకుడికి బిజినెస్ క్లాస్ టికెట్ ఇచ్చినప్పుడు ఈ బడ్జెట్ ఎక్కడికి పోయింది? వారమంతా ఆఫీసు చేసుకుని రాత్రుళ్ళు కూర్చుని ముప్పై పాటలు నేర్చుకుని, తన ఆంప్లిఫయర్ తనే మోసుకొచ్చి, సౌండ్ చెక్‌కి అరగంట కూడా దొరకని కుర్రాడికి బిర్యానీ ప్యాకెట్ పారితోషికం కాదు. ఇంత అని ముందే రాసివ్వండి. గంటల లెక్కన ఇవ్వండి, ప్రోగ్రాం లేటైతే ఆ లేటుకి కూడా ఇవ్వండి. ఫ్లయర్ మీద బేస్ ఎవరు, తబలా ఎవరు, కీబోర్డ్ ఎవరు అని పేర్లు వేయండి. అలా వేసినందుకు ఫ్లయర్ ఖర్చు ఒక్క డాలర్ కూడా పెరగదు.

తల్లిదండ్రులకి ఇంకో మాట. మిడిల్ స్కూల్ ఆర్కెస్ట్రాలో మన పిల్లలందరూ వయొలిన్ వరసలోనే కూర్చుంటారు, బేస్ దగ్గర మనిషి ఉండడు, టీచర్ బతిమాలుకుంటూ ఉంటుంది. ఎవరైనా పిల్ల అటు వెళ్తానంటే "అది వాయిస్తే ఎవరు చూస్తారమ్మా" అని వెనక్కి లాగకండి. చాలా స్కూళ్ళలో ఆ వాయిద్యం స్కూలే ఇస్తుంది, కాబట్టి కారులో పట్టదనే సాకు కూడా చెల్లదు.