సంతకమే పెట్టుబడి: అల్బెర్తో గ్రిమాల్ది లెక్క

1965 చివర్లో రోమ్‌లోని సూపర్‌చినేమా థియేటర్లో సెర్జో లియోనే తీసిన వెస్టర్న్ 'ఫర్ ఎ ఫ్యూ డాలర్స్ మోర్' ఆడుతోంది. హాలు ఊగిపోతోంది. ఆ జనాన్ని కళ్లారా చూసిన అమెరికా కంపెనీ యునైటెడ్ ఆర్టిస్ట్స్ ప్రతినిధులు విదేశీ హక్కులకు 9 లక్షల డాలర్లు ఇవ్వడానికి ఒప్పుకున్నారు. ఒప్పుకుని ఊరుకోలేదు, తర్వాత ఏం తీస్తున్నారని అడిగారు. నిజానికి అప్పటికి ఏమీ అనుకోలేదు. రచయిత లూచానో విన్చెన్జోని అక్కడికక్కడే ఒక మాట అల్లేశాడు: అమెరికా అంతర్యుద్ధం రోజుల్లో ముగ్గురు కంత్రీగాళ్లు దాచిపెట్టిన సొమ్ము కోసం వెతుక్కుంటూ పోతారు. కథ లేదు, స్క్రిప్టు లేదు. ఆ ఒక్క మాట మీద కుదిరిన బేరం ఇది: 5 లక్షల డాలర్లు ముందే, ఇటలీ బయట వచ్చే వసూళ్లలో సగం వాటా. ఆ సినిమాయే మరుసటి ఏడాది డిసెంబరులో విడుదలైన 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ'.

దాని నిర్మాత అల్బెర్తో గ్రిమాల్ది. 1925లో నేపుల్స్‌లో పుట్టాడు, చదివింది లా. సొంత స్టూడియో లేదు, థియేటర్ల గొలుసు లేదు. 1960ల మొదట్లో పెట్టిన పీఈఏ అనే కంపెనీ, దాని లెటర్‌హెడ్, ఒప్పందం ఎలా రాయాలో తెలిసిన బుర్ర. ఇటలీ దర్శకులు లియోనే, ఫెలీనీ, పసోలినీ, బెర్తొలూచి గురించి గ్రంథాలకు గ్రంథాలు వచ్చాయి. ఈ నలుగురికీ డబ్బు సమకూర్చిన మనిషి గురించి మాత్రం రెండు ముక్కలు రాసి వదిలేస్తారు. ఆయన కెరీర్‌ను దగ్గరగా చూస్తే ఒక సంగతి తేటపడుతుంది. స్వతంత్ర నిర్మాత అంటే ఎవరి మీదా ఆధారపడనివాడని అర్థం కాదు. పదిమంది మీద కొంచెం కొంచెం ఆధారపడి, ఏ ఒక్కరికీ మొత్తంగా దొరకనివాడు. ఆ పదిమందితో రాసుకున్న కాగితాలే ఆయన్ని పైకి తెచ్చాయి, ఆ కాగితాలే ఒక దశలో మెడకు చుట్టుకున్నాయి.

లియోనే ఆయన దగ్గరికి వచ్చిందే ఒక కాగితం గొడవ మీద. 1964లో లియోనేతో 'ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ డాలర్స్' తీయించిన జాలీ ఫిల్మ్, జపాన్ దర్శకుడు అకిరా కురొసావా 'యొజింబో' రీమేక్ హక్కులు కొనలేదు. ఆ సినిమా తాలూకు తోహో కంపెనీ దావా వేసింది. చివరికి ప్రపంచ వసూళ్లలో 15 శాతం, లక్ష డాలర్ల పైచిలుకు ఇచ్చి రాజీ పడ్డారు. ఈ తగవు వల్ల సినిమా అమెరికా తెర ఎక్కడానికి 1967 జనవరి దాకా పట్టింది. నిర్మాతలతో చెడిన లియోనేకు కావలసింది లాభంలో వాటా. గ్రిమాల్ది జీతంతో పాటు ఆ వాటా కూడా రాసిచ్చాడు. దర్శకుడికి జేబులోంచి తీసి ఇచ్చే స్తోమత లేనివాడు రేపటి లాభంలోంచి ఇస్తాడు. లౌక్యమే, కాదనలేం. కానీ ఇచ్చిన మాట అమలైనంత కాలం దీన్ని మించిన జిగురు ఇంకోటి లేదు.

అసలు డబ్బు ఎలా పోగయ్యేదో చూద్దాం. ఇటలీలో డిస్ట్రిబ్యూటర్ ఇచ్చే 'మీనిమో గరంతీతో' అంటే మన ఎంజీయే, ఇంత సొమ్ము తప్పక ఇస్తాననే మినిమమ్ గ్యారంటీ. నైజాం, సీడెడ్ అంటూ ఏరియాలవారీగా బయ్యర్లకు అమ్మడం తెలిసినవాళ్లకు ఇందులో కొత్తేమీ ఉండదు. తేడా ఎక్కడంటే, అక్కడ ఆ గ్యారంటీ చాలావరకు నగదుగా రాదు, ప్రామిసరీ నోట్లుగా వస్తుంది. నిర్మాత వాటిని బ్యాంకులో డిస్కౌంటు చేయించుకుని, అంటే గడువుకు ముందే కొంత కోతతో నగదు చేసుకుని, షూటింగ్‌కు వాడుకుంటాడు. బీఎన్ఎల్ బ్యాంకులో సినిమా రుణాలకోసమే 1935 నుంచి ప్రత్యేక విభాగం ఉండేది. నోటుకు గడువు తేదీ ఉంటుంది. షూటింగ్ రెండు నెలలు జాప్యమైతే సినిమా చేతికి రాకముందే నోట్లు గడువుకొస్తాయి. ఇటలీ నిర్మాతలు మునిగింది సినిమాలు ఆడకపోవడం వల్ల ఎంతో, తేదీలు తప్పడం వల్లా అంతే.

రెండో కాలు, కో-ప్రొడక్షన్. 'ఫర్ ఎ ఫ్యూ డాలర్స్ మోర్'లో గ్రిమాల్దితో పాటు మాడ్రిడ్ నుంచి అర్తూరో గొన్జాలెజ్, మ్యూనిక్ నుంచి కాన్‌స్టాంటిన్ ఫిల్మ్ ఉన్నాయి. దేశాల మధ్య ఒప్పందాల ప్రకారం ఇలాంటి సినిమా ప్రతి భాగస్వామి దేశంలోనూ స్వదేశీ సినిమాగానే చెల్లుతుంది. ఎక్కడి రాయితీ అక్కడ దక్కుతుంది. 1965లో వచ్చిన 1213 నంబరు చట్టం కింద ఇటలీ సినిమా స్థూల వసూళ్లలో 13 శాతం నిర్మాతకు తిరిగొచ్చేది. బదులుగా ప్రతి దేశం తన నటులకు, టెక్నీషియన్లకు చోటు అడుగుతుంది. ఆ సినిమాలో జర్మన్ నటుడు క్లాస్ కిన్‌స్కీ గూనివాడి వేషంలో కనిపించాడంటే అందులో ఈ లెక్క కూడా ఉంది.

మిగిలింది ఖర్చు తగ్గించడం. ఇక్కడ లియోనే సినిమాల రూపానికీ నిర్మాత జేబుకూ ఉన్న చుట్టరికం చాలామంది గమనించరు. మామూలు 35 ఎంఎం ఫిల్మ్‌లో ఒక్కో ఫ్రేము నాలుగు పెర్ఫొరేషన్ల (ఫిల్మ్ అంచున ఉండే రంధ్రాల) ఎత్తుంటుంది. టెక్నికలర్ వారి ఇటలీ శాఖ తెచ్చిన టెక్నిస్కోప్‌లో రెండే. అంటే వెయ్యి అడుగుల రీలు 11 నిమిషాలకు బదులు 22 నిమిషాలు నడుస్తుంది, నెగటివ్ ఖర్చు సగానికి పడుతుంది. సినిమాస్కోప్‌కు వాడే, వెడల్పాటి దృశ్యాన్ని నొక్కి పట్టే బరువైన ఎనమార్ఫిక్ లెన్సులు అక్కర్లేదు, మామూలు లెన్సు చాలు. దాంతో ముఖానికి బాగా దగ్గరగా వెళ్లినా ఫోకస్ నిలుస్తుంది, వెనకాల ఎడారి కూడా స్పష్టంగా ఉంటుంది. తెరంతా నిండిన ఆ కళ్లూ చెమటా కేవలం దర్శకుడి పైత్యం కాదన్నమాట. ఇబ్బందులూ ఉన్నాయి. ఫ్రేము చిన్నది కాబట్టి ప్రింటుకు పెద్దది చేసేటప్పుడు గ్రెయిన్ (ఇసుక చల్లినట్టు చుక్కలు) లేస్తుంది, కెమెరాలో ఫిల్మ్ వెలుగు పట్టే గేటులో వెంట్రుక పడితే తెర మీద తాడులా కనిపిస్తుంది. ఇక శబ్దం మొత్తం తర్వాత డబ్బింగే. సెట్లో ఒకడు ఇంగ్లీషులో అడిగితే ఇంకొకడు ఇటాలియన్‌లో జవాబిచ్చేవాడు.

'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ' బడ్జెట్ సుమారు 12 లక్షల డాలర్లు. లియోనే మొదటి వెస్టర్న్‌కు 15 వేలు, రెండోదానికి 50 వేలు తీసుకున్న హీరో క్లింట్ ఈస్ట్‌వుడ్ ఈసారి రెండున్నర లక్షలు, పైన ఉత్తర అమెరికా లాభాల్లో 10 శాతం పట్టాడు. బడ్జెట్‌లో అయిదో వంతు ఒక్కడికే! మిగతాది ఎలా సరిపోయిందంటే, జవాబు స్పానిష్ సైన్యం. క్లైమాక్స్‌లోని శ్మశానంలో వేలాది సమాధులు కట్టింది సైనికులే. అర్లాన్సా నది మీద వంతెన కట్టిందీ వాళ్లే, పేల్చే బాధ్యత కూడా వాళ్ల కెప్టెన్‌దే. కెమెరామన్‌లలో ఒకడు ఇటాలియన్‌లో నేను సిద్ధమని చెప్పబోతే కెప్టెన్ చెవికి అది స్పానిష్‌లో "కానివ్వు" అన్నట్టు వినపడింది. మీట నొక్కేశాడు. కెమెరాలు తిరగకముందే వంతెన గాల్లో కలిసింది. అదృష్టం, ఎవరికీ ఏమీ కాలేదు. సైన్యమే మళ్లీ కట్టిపెట్టింది, ఈలోగా వేరే షాట్లు తీసుకున్నారు. కూలికి మనుషుల్ని పెట్టి కట్టించిన వంతెనైతే నిర్మాత గతేమయ్యేదో! రెండు భాషల యూనిట్‌లో పేలుడుకు మాట సంకేతం పెట్టుకోకూడదని, జెండాయో టార్చిలైటో వాడాలని అప్పట్నుంచైనా అందరూ నేర్చుకుని ఉండాలి.

ఆ సెగ మనదాకా వచ్చింది. 1971లో పద్మాలయా సంస్థ కృష్ణ హీరోగా, కె.ఎస్.ఆర్. దాస్ దర్శకత్వంలో, ఆరుద్ర రచనతో 'మోసగాళ్లకు మోసగాడు' తీసింది. స్పెయిన్‌లోని అల్మెరియా ఎడారి బదులు రాజస్థాన్ ఇసుక. ఇంగ్లీషులో డబ్ చేసి బయటికీ పంపారు. వెస్టర్న్ కథ కంటే వెస్టర్న్ తీసే పద్ధతి, అంటే దగ్గర్లో ఉన్న ఎడారిని అమెరికాగా చూపించే ధైర్యం, దూరం ప్రయాణించిందని నాకనిపిస్తుంది.

వెస్టర్న్‌ల మీద డబ్బు చూసిన మనిషి అక్కడే ఆగొచ్చు. గ్రిమాల్ది ఫెలీనీ వైపు తిరిగాడు. ఇది కళాభిమానం అనుకుంటే సగమే నిజం. విదేశీ బయ్యరు సినిమా పూర్తికాకముందే డబ్బు పెట్టాలంటే ఏదో ఒక పేరు కావాలి. స్టార్ పేరు ఖరీదు, దర్శకుడి పేరు అంతకంటే చవక. 1969లో ప్రాచీన రోమన్ రచయిత పెట్రోనియస్ రచన మీద తీసిన చిత్రానికి 'ఫెలీనీ సాటిరికాన్' అని పేరు పెట్టడానికి కారణం గొప్పలు కాదు, ఉత్త 'సాటిరికాన్' అనే టైటిల్‌ను ఆల్‌ఫ్రెడో బీనీ అనే మరో నిర్మాత ముందే రిజిస్టర్ చేయించుకున్నాడు. తప్పనిసరై చేర్చిన ఆ పేరే పోస్టర్ మీద అసలు సరుకైంది. పసోలినీతో మూడు పాత కథాసంపుటాల సినిమాలు చేస్తే మూడింటికీ బహుమతులు వచ్చాయి: బెర్లిన్ చిత్రోత్సవంలో 1971లో వెండి ఎలుగు (సిల్వర్ బేర్), 1972లో బంగారు ఎలుగు (గోల్డెన్ బేర్), 1974లో కాన్ చిత్రోత్సవంలో గ్రాండ్ ప్రి. వాటిలో మొదటిదాన్ని చూసి ఇటలీలో చవకబారు నకళ్లు వరద కట్టాయి. దర్శకుడు పొంతెకోర్వో తీసిన 'కెమాద'కు స్పెయిన్ నుంచి ఒత్తిడి వస్తే కథలోని స్పానిష్ వలసదొరలు పోర్చుగీసువాళ్లైపోయారు, టైటిల్ 'కెయ్‌మాద'గా మారింది. పక్క దేశం ఎడారినీ సైన్యాన్నీ వాడుకునే పరిశ్రమ ఆ దేశం మాట తోసిపుచ్చలేదు మరి.

బెర్తొలూచి తీసిన 1972 నాటి 'లాస్ట్ టాంగో ఇన్ పారిస్' లెక్కల్లో చూస్తే గ్రిమాల్ది శిఖరం. పన్నెండున్నర లక్షల డాలర్ల సినిమా ఒక్క అమెరికాలోనే 3.6 కోట్లు వసూలు చేసింది. హీరో మార్లన్ బ్రాండోకు రెండున్నర లక్షలు, స్థూల వసూళ్లలో 10 శాతం. ఇటలీలో మాత్రం అశ్లీలమంటూ కేసు నడిచి, 1976 జనవరి 29న అత్యున్నత న్యాయస్థానం ప్రింట్లు నాశనం చేయమంది, బెర్తొలూచికి అయిదేళ్లపాటు ఓటు హక్కు లేకుండా పోయింది. 1987లో గానీ నిషేధం పోలేదు. ఇన్నాళ్లూ దీన్ని సెన్సార్‌పై పోరాట గాథగానే చెప్పుకున్నారు. హీరోయిన్ మరియా ష్నైడర్ సంగతి ఆలస్యంగా వెలుగులోకి వచ్చింది. పంతొమ్మిదేళ్ల అమ్మాయికి ఒక దృశ్యంలో ఏం జరగబోతోందో పూర్తిగా చెప్పలేదని దర్శకుడే తర్వాత ఒప్పుకున్నాడు. ప్రతి వసూలు పైసాకూ క్లాజు రాసుకున్న ఒప్పందాల లోకంలో, నటికి ముందుగా చెప్పి తీరాలనే క్లాజు ఎవరికీ తోచలేదు. ఈ లోటు నిర్మాత ఖాతాలో కూడా పడాలి.

ఆ తర్వాత బెర్తొలూచితోనే '1900'. ఇక్కడే పద్ధతి తిరగబడింది. పారమౌంట్, ఫాక్స్, యునైటెడ్ ఆర్టిస్ట్స్ మూడూ తలా 20 లక్షల డాలర్లు వేర్వేరు మార్కెట్లకు ఇచ్చాయి. హాలీవుడ్‌లో పోటీదారులైన మూడు కంపెనీల సొమ్ముతో ఎర్రజెండా సినిమా తీయించడం మామూలు నేర్పు కాదు. ఖర్చు 90 లక్షలకు చేరింది, తుది నిడివి 5 గంటల 17 నిమిషాలు. పారమౌంట్‌తో ఒప్పందంలో మాత్రం 3 గంటల 15 నిమిషాలని ఉంది. బెర్తొలూచి తగ్గించనన్నాడు. గ్రిమాల్ది ఎడిటింగ్ గదికి తాళం వేసి, దర్శకుడిని బయటపెట్టి, మూడు గంటల కట్ తయారుచేయించాడు. అది చూసి హడలిపోయిన బెర్తొలూచి దిగొచ్చి, నాలుగు గంటల పైచిలుకు వెర్షన్ ఇచ్చాడు. 1977లో అమెరికా చూసింది దాన్నే.

తాళం వేసినందుకు గ్రిమాల్దిని విలన్‌గా చూపడం తేలిక. నా దృష్టిలో తప్పు తాళం దగ్గర లేదు, సంతకం దగ్గర ఉంది. ఇద్దరు మనుషుల పుట్టుక నుంచి ముసలితనం దాకా, అర్ధ శతాబ్దం ఇటలీ చరిత్ర ఉన్న స్క్రిప్టును టైమింగ్ చేయిస్తే 195 నిమిషాల్లో పట్టదని షూటింగ్‌కు ముందే తెలిసేది. సీన్లవారీగా స్టాప్‌వాచ్ పెట్టి చదివించడం స్క్రిప్టు సూపర్‌వైజర్ చేసే నాలుగు రోజుల పని. పైగా అమెరికా బయ్యరు నిడివి విషయంలో ఎలా ఉంటాడో ఆయనకు కొత్త కాదు, 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ'నే అక్కడ 161 నిమిషాలకు కోసేశారు. తెలిసీ సంతకం చేశాడంటే, అప్పటికి డబ్బు రావడం ముఖ్యం, నిడివి తగువు తర్వాత చూసుకోవచ్చనే. ముందస్తు అమ్మకాల్లో అసలు జబ్బు ఇదే. కొన్నవాడు డబ్బుతో పాటు షరతు కూడా పెడతాడు, ఆ షరతు సంగతి సినిమా తీసే దర్శకుడికి చెప్పరు.

1975, 76 సంవత్సరాలు ఆయనకు ఒకదాని మీద ఒకటిగా వచ్చిపడ్డాయి. 1975 ఆగస్టులో రోమ్‌లోని టెక్నికలర్ ల్యాబు నుంచి ఫెలీనీ 'కాసనోవా', పసోలినీ 'సాలో' రీళ్లు దొంగలెత్తుకెళ్లి డబ్బు డిమాండ్ చేశారు. పోయిన చోట్ల పసోలినీ వేరే టేకులతో సరిపెట్టుకున్నాడు. ఓకే కాని టేకులను ఎందుకు పారేయకూడదో, ఒరిజినల్ నెగటివ్‌నూ దాని డూప్ (నకలు) ప్రతినీ ఒకే కప్పు కింద ఎందుకు ఉంచకూడదో దీనికి మించిన ఉదాహరణ దొరకదు. నవంబరు 2న పసోలినీ హత్యకు గురయ్యాడు. 'సాలో' జప్తు అయింది, కేసు నిర్మాత మీదికొచ్చింది. అదే డిసెంబరులో ఫెలీనీ ఖర్చు అదుపు తప్పిందని గ్రిమాల్ది 'కాసనోవా' షూటింగ్ ఆపేశాడు. గొడవ సద్దుమణిగి సినిమా మరుసటి ఏడాది పూర్తయింది, కాస్ట్యూమ్స్‌కు దనీలో దొనాతీకి ఆస్కార్ వచ్చింది.

కోర్టులను, దర్శకులను తట్టుకోవచ్చు. టీవీని తట్టుకోవడం ఆయన వల్ల కాలేదు. 1976లో ఇటలీ రాజ్యాంగ న్యాయస్థానం స్థానిక ప్రైవేటు చానళ్లకు తలుపులు తీసింది. 1975లో 51 కోట్లకు పైగా తెగిన టికెట్లు 1980లో 24 కోట్లు, 1985లో 12 కోట్లు. స్థూల వసూలులో 13 శాతమనే రాయితీ వసూలే లేనప్పుడు ఏం ఆదుకుంటుంది? డిస్ట్రిబ్యూటర్ ఎంజీ ఇవ్వలేడు, బ్యాంకు నోటు తీసుకోదు. అన్నీ ఒకదాన్నొకటి పట్టుకుని నిలబడ్డ పేకలు. 1986లో ఫెలీనీతో తీసిన 'జింజర్ అండ్ ఫ్రెడ్' ప్రైవేటు టీవీ మీద వ్యంగ్యం. అందులో భాగస్వామి ప్రభుత్వ టీవీ రాయ్. వేరే దారి లేదు, అప్పటికి మిగిలిన బయ్యరు అదొక్కటే.

చివరి కాగితం మరీ పాతది. 1977లో అమెరికా సినిమా పత్రిక వెరైటీలో గ్రిమాల్ది, దర్శకుడు మార్టిన్ స్కోర్సెసేల 'గ్యాంగ్స్ ఆఫ్ న్యూయార్క్' రాబోతోందని ప్రకటన వచ్చింది. కంపెనీలు మారాయి, తారాగణం మారింది, పాతికేళ్లు గడిచాయి. సుమారు 10 కోట్ల డాలర్ల ఖర్చుతో 2002 డిసెంబరులో విడుదలైంది. 19వ శతాబ్దపు న్యూయార్క్ వీధులను కళాదర్శకుడు దాంతే ఫెరెట్టి రోమ్ శివార్లలోని చినెచిత్తా స్టూడియోలో కట్టాడు. అమెరికా బయటి హక్కులు ముందే అమ్మారు, 1965 నాటి పద్ధతే. పది ఆస్కార్ నామినేషన్లు వచ్చాయి, ఒక్కటీ గెలవలేదు. నిర్మాతలుగా తెర మీద రెండు పేర్లు పడతాయి, అందులో మొదటిది అల్బెర్తో గ్రిమాల్ది. అప్పటికి ఆయనకు 77 ఏళ్లు. 2021 జనవరిలో మయామీలో పోయేదాకా ఇంకో సినిమా తీయలేదు.