909 మీద డిస్టార్షన్ ఫుల్‌గా పెడితే గ్యాబర్ కిక్ రాదు

గ్యాబర్ అంటే వేగమైన, గరుకైన టెక్నో సంగీతం. అందులో కిక్ (బేస్ డ్రమ్ దెబ్బ) గురించి, 909 అనే డ్రమ్ మెషిన్ గురించి ఒక మాట బాగా తిరుగుతోంది: "909 కిక్ శాంపిల్ మీద డిస్టార్షన్ ఫుల్‌గా పెట్టు, కిక్ రెడీ. డ్రమ్‌కి శ్రుతి ఉండదు, ట్యూనింగ్ అక్కర్లేదు. మిగతాదంతా శాంపిల్ ప్యాక్‌లో (రెడీమేడ్ శబ్దాల కట్టలో) దొరుకుతుంది." కొత్తగా మొదలుపెట్టేవాళ్లు దీన్ని నమ్మి నెలలు పోగొట్టుకుంటున్నారు.

మొదటి ముక్కలో సగం నిజం ఉంది. 1990ల మొదట్లో నెదర్లాండ్స్‌లోని రాటర్‌డ్యామ్ గ్యాబర్ కిక్‌కి మూలం రోలాండ్ టీఆర్-909యే. అయితే ఆ మెషిన్‌లో కిక్ శాంపిల్ (రికార్డు చేసిన శబ్దం) కాదు, అనలాగ్ సర్క్యూట్. హైహ్యాట్, సింబల్స్ మాత్రమే శాంపిల్స్. అంటే ట్యూన్, డికే (శబ్దం ఆరిపోవడానికి పట్టే సమయం) నాబ్‌లు డిస్టార్షన్ కంటే ముందే చేతిలో ఉంటాయి. అసలు పని అక్కడే జరుగుతుంది. కిక్ తోక (చివర ఆరిపోయే మోత) పీక్ కంటే 24 డెసిబెల్స్ కింద ఉన్నా, 30 డెసిబెల్స్ గెయిన్ ఇస్తే అదీ సీలింగ్‌కి (గరిష్ఠ స్థాయికి) తగిలి గర్జిస్తుంది. డికే పొట్టిగా ఉన్న శాంపిల్‌లో తగలడానికి తోకే ఉండదు. ఎంత తిప్పినా "టక్" అని ఆగిపోతుంది, వెనకున్న హిస్ మాత్రం పైకి లేస్తుంది.

ఒకేసారి ఫుల్‌గా తిప్పితే ఇంకో నష్టం: మొదటి దెబ్బ, ఒళ్లు, తోక అన్నీ ఒకే ఎత్తుకి వచ్చి దెబ్బ మాయమవుతుంది. దశలవారీగా వెళ్లండి. 49 హెర్ట్జ్ సైన్ వేవ్ తీసుకోండి. పిచ్ ఎన్వలప్‌తో (కాలంతో పాటు పిచ్‌ని మార్చే సెట్టింగ్‌తో) రెండు మూడు ఆక్టేవ్‌ల పైనుంచి 50 మిల్లీసెకన్లలో కిందికి దించండి. తర్వాత ఈక్యూలో (ఒక్కో ఫ్రీక్వెన్సీని పెంచి తగ్గించే సాధనంలో) 150 హెర్ట్జ్ దగ్గర కొంచెం పెంచి సాఫ్ట్ క్లిప్ (వేవ్ శిఖరాలను మెత్తగా కోసేది) వేయండి. మళ్లీ ఈక్యూ, ఆ పైన హార్డ్ క్లిప్ (శిఖరాలను నిక్కచ్చిగా కోసేది). ముందు ఈక్యూలో ఏది పెంచితే అదే ఎక్కువ చిరుగుతుంది, కాబట్టి కిక్ గొంతు ఆ ఈక్యూలోనే తయారవుతుంది. చివర్లో శుభ్రమైన దెబ్బని 30 మిల్లీసెకన్లు కత్తిరించి పైన పేర్చండి. దాని అడుగుభాగం 1 కిలోహెర్ట్జ్ దాకా తీసేయాలి, లేకపోతే రెండు బేస్‌లు ఒకదాన్నొకటి మింగేస్తాయి.

శ్రుతి మాటకొస్తే, మృదంగాన్ని శ్రుతి చేయకుండా కచేరీలో కూర్చోరు కదా. ఇక్కడా అంతే. 49 హెర్ట్జ్ అంటే జీ స్వరం. సౌష్ఠవంగా క్లిప్ చేస్తే 147, 245 హెర్ట్జ్‌లలో బేసి హార్మోనిక్స్ (మూల ఫ్రీక్వెన్సీకి 3, 5 రెట్లు) గట్టిగా లేస్తాయి, అవి డీ, బీ స్వరాలకు దగ్గర. లీడ్ (ప్రధాన మెలొడీ) జీ మైనర్‌లో ఉంటే ఆ బీ, బీ ఫ్లాట్‌తో గొడవ పడుతుంది. అందుకే 245 దగ్గర సన్నగా తగ్గించాలి.

ప్యాక్‌లు వద్దని అనడం లేదు. కానీ డిస్టార్ట్ అయిన కిక్‌లో క్లిప్పింగ్ గడ్డకట్టి ఉంటుంది, వెనక్కి తీయలేం. దాని పిచ్‌ని మూడు సెమిటోన్లు (మూడు స్వర మెట్లు) పెంచితే 333 మిల్లీసెకన్ల శాంపిల్ 280కి కుదించుకుపోతుంది. 180 బీపీఎంలో (నిమిషానికి 180 బీట్ల వేగంలో) ఒక బీట్ సరిగ్గా 333, కాబట్టి ప్రతి బీట్‌కీ చిన్న ఖాళీ వినిపిస్తుంది. కిందికి దించితే తోక తర్వాతి కిక్ మీద పడుతుంది. అప్పుడు శాంప్లర్‌ని మోనోలో (ఒకసారికి ఒకే శబ్దం మోగేలా) పెట్టి, చివర 5 మిల్లీసెకన్ల ఫేడ్ ఇవ్వండి. ఫేడ్ లేకపోతే క్లిక్ వస్తుంది.

హూవర్ (వాక్యూమ్ క్లీనర్ మోతలాంటి సింథ్ శబ్దం) శాంపిల్‌కీ ఇదే చిక్కు. ఒక ఆక్టేవ్ పైన వాయిస్తే లోపలి పిచ్ జారుడు, కోరస్ ఊపు రెట్టింపు వేగంతో పరుగెడతాయి. రోలాండ్ ఆల్ఫా జూనో అనే సింథ్‌లో పుట్టిన శబ్దమది. పల్స్ విడ్త్ మాడ్యులేషన్ చేసిన సా వేవ్ (రంపపు పళ్ల ఆకారపు వేవ్), సబ్ (కింది ఆక్టేవ్ స్వరం), కోరస్ ఉన్న ఏ సింథ్‌లోనైనా పది నిమిషాల్లో కట్టొచ్చు, అప్పుడు ఏ స్వరంలో వాయించినా ఊపు మారదు.